స్కాట్లండ్ ఫుట్‌బాల్: లీగ్ ఇద్దరిది, కప్పు ఊళ్ళది

స్కాట్లండ్ ఫుట్‌బాల్ అనగానే సెల్టిక్, రేంజర్స్ అంటారు, అక్కడితో కథ అయిపోతుంది. అందులో తప్పేం లేదు. 1985లో అబర్డీన్ లీగ్ గెలిచాక 2025 వరకు 40 ఏళ్ళపాటు ఆ టైటిల్ గ్లాస్గో పొలిమేర దాటలేదు, ఆ ఊళ్ళో కూడా రెండిళ్ళ మధ్యే తిరిగింది. 2025 సీజన్ అయ్యేసరికి ఇద్దరూ చెరో 55 టైటిళ్ళతో కూర్చున్నారు. ఇంక ఇందులో తెలుసుకోవడానికి ఏముంది అనిపించడం సహజం.

కానీ ఒకసారి స్కాటిష్ కప్ గెలిచినవాళ్ళ పేర్లు మొదటినుంచి చదవండి. క్వీన్స్ పార్క్, వేల్ ఆఫ్ లీవెన్, డంబార్టన్, రెంటన్, హిబర్నియన్, థర్డ్ లనార్క్... 1892 దాకా సెల్టిక్ పేరు రాదు, 1894 దాకా రేంజర్స్ పేరు రాదు. మధ్యలో వచ్చే పేర్లలో కొన్ని ఇప్పుడు వెతికినా దొరకవు. ఒకప్పుడు కప్పు కొట్టిన ఊళ్ళు ఏమయ్యాయి, క్లబ్బులు ఎలా పుట్టాయి, ఎలా పోయాయి, పోయినవి మళ్ళీ వేరే పేరుతో ఎలా తిరిగొచ్చాయి అన్నది ఈ జాబితా పట్టుకుని నడిస్తేనే అర్థమవుతుంది. లీగ్ పట్టిక పట్టుకుంటే అర్థం కాదు.

ముందు ఒక చిక్కుముడి విప్పేద్దాం. ప్రపంచంలో అతి పాత కప్పు ఏది? పోటీగా చూస్తే ఇంగ్లండ్ వాళ్ళ ఎఫ్ఏ కప్, అది 1871-72లో మొదలైంది. స్కాటిష్ కప్ రెండేళ్ళు చిన్నది, 1873-74. కానీ వస్తువుగా, అంటే ఆ వెండి కప్పుగా చూస్తే స్కాట్లండ్‌దే పాతది. ఎందుకంటే ఇంగ్లండ్ వాళ్ళ అసలు కప్పుని 1895లో బర్మింగ్‌హామ్‌లో ఒక షాపులో ప్రదర్శనకి పెడితే దొంగలెత్తుకుపోయారు, మళ్ళీ దొరకలేదు. స్కాట్లండ్ వాళ్ళది మాత్రం పతకాలతో కలిపి 56 పౌండ్ల 12 షిల్లింగుల 11 పెన్నీలు పెట్టి అప్పుడు చేయించిందే, ఇప్పటికీ గ్లాస్గోలో హాంప్డెన్ స్టేడియంలోని మ్యూజియంలో ఉంది. గెలిచినవాళ్ళు ఇంటికి తీసుకెళ్ళేది నకలు. మన డ్యూరాండ్ కప్‌ని ప్రపంచంలో మూడో పాతది అని రాస్తుంటారు కదా, అది కూడా కొంచెం సర్దుకుని చదవాల్సిన మాటే, వేల్స్ కప్, ఐర్లండ్ కప్ రెండూ దానికన్నా ముందే ఉన్నాయి. అయితే డ్యూరాండ్‌కి స్కాట్లండ్‌తో సంబంధం మాత్రం నిజం. 1888లో మొదటి ఫైనల్ ఆడిన రెండు జట్లూ స్కాటిష్ రెజిమెంట్లే, రాయల్ స్కాట్స్ ఫ్యుసిలియర్స్, హైలాండ్ లైట్ ఇన్‌ఫాంట్రీ. ఆ కప్పునే 1950లో రహీం సాబ్ తయారుచేసిన హైదరాబాద్ సిటీ పోలీస్ జట్టు ఎత్తుకొచ్చింది.

సరే, గ్లాస్గోకి వద్దాం. 1867 జూలై 9న కొంతమంది కుర్రాళ్ళు కలిసి క్వీన్స్ పార్క్ అని ఒక క్లబ్ పెట్టుకున్నారు. స్కాట్లండ్‌లో మొదటి క్లబ్ అదే. ఆడటానికి అవతలి జట్టు దొరకడమే కష్టమైన రోజులవి. 1872 నవంబర్ 30న ప్రపంచంలో మొట్టమొదటి అధికారిక అంతర్జాతీయ మ్యాచ్ స్కాట్లండ్, ఇంగ్లండ్ మధ్య పార్టిక్‌లోని ఒక క్రికెట్ గ్రౌండ్‌లో జరిగితే, స్కాట్లండ్ తరఫున దిగిన 11 మందీ క్వీన్స్ పార్క్ వాళ్ళే. 0-0. గోల్ లేకపోయినా ఆ రోజు చూసినవాళ్ళకి ఒక సంగతి కొత్తగా కనిపించింది. ఇంగ్లండ్ వాళ్ళు ఎవరికి బాల్ దొరికితే వాళ్ళు తలొంచుకుని పరిగెత్తేవాళ్ళు, వీళ్ళు ఒకరికొకరు అందించుకుంటూ ఆడారు. ఇవాళ మనం పాసింగ్ గేమ్ అంటున్నదానికి వేర్లు వెతికితే ఎక్కువ భాగం ఇక్కడే తేలతాయి. తర్వాత ఇంగ్లండ్ క్లబ్బులు డబ్బు ఎరవేసి తీసుకెళ్ళిన స్కాట్ ఆటగాళ్ళని 'స్కాచ్ ప్రొఫెసర్లు' అనేవాళ్ళు, ఎగతాళి కొంత, గౌరవం ఎక్కువ.

మరుసటి ఏడాది, 1873 మార్చిలో స్కాటిష్ ఫుట్‌బాల్ అసోసియేషన్ పుట్టింది, వెంటనే 16 జట్లతో కప్ మొదలైంది, మొదటి మూడూ క్వీన్స్ పార్కే గెలిచింది, మొత్తం మీద 10 సార్లు. వాళ్ళ నినాదం లాటిన్‌లో ఉంటుంది, ఆట కోసమే ఆడటం అని అర్థం. మాటవరసకి కాదు, 2019 దాకా ఆటగాళ్ళకి జీతం ఇవ్వకుండానే నడిపారు. అంత పెద్ద హాంప్డెన్ స్టేడియం వీళ్ళదే, 2020లో అసోసియేషన్‌కి అమ్మేశారు. లక్షమందికి పైగా పట్టిన స్టేడియానికి ఓనర్లు ఏళ్ళ తరబడి కింది డివిజన్లలో కొన్ని వందల మంది ముందు ఆడుకుంటూ ఉండటం, ఇలాంటిది ఇంకెక్కడైనా ఉందా అంటే నాకు గుర్తు రావట్లేదు.

ఇక నాకు అన్నిటికంటే ఇష్టమైన భాగం. గ్లాస్గోకి వాయవ్యంగా లీవెన్ అని ఒక చిన్న నది, దాని ఒడ్డున అలెగ్జాండ్రియా, రెంటన్, చివర్లో డంబార్టన్. ఈ లోయలో పెద్ద పెద్ద రంగుల ఫ్యాక్టరీలుండేవి, నూలు బట్టకి వెలిసిపోని ఎర్రరంగు వేసేవాళ్ళు. 'టర్కీ రెడ్' అని పేరు. ఆ ఎర్ర బట్టకి పెద్ద గిరాకీ ఎక్కడనుకున్నారు, మన దేశంలోనే. నెమళ్ళు, ఏనుగులు అచ్చువేసి ఓడల్లో పంపేవాళ్ళు. చిరివేరుతో ఎరుపు తీసి మచిలీపట్నం నుంచి ఒకప్పుడు యూరప్‌కి అద్దకం బట్టలు పంపిన దేశానికి, స్కాట్లండ్ నుంచి ఎర్రబట్ట దిగుమతి. అది వేరే కథ, వేరే కడుపుమంట.

ఆ ఫ్యాక్టరీల్లో పనిచేసిన కుర్రాళ్ళే ఈ మూడు ఊళ్ళ జట్లు. అలెగ్జాండ్రియా వాళ్ళ జట్టు వేల్ ఆఫ్ లీవెన్ 1877, 1878, 1879లో వరసగా మూడుసార్లు కప్ గెలిచింది. మూడోసారి తమాషా జరిగింది. రేంజర్స్‌తో ఫైనల్ డ్రా అయింది, తమ గోల్ ఒకటి అన్యాయంగా లెక్కలోకి తీసుకోలేదని రేంజర్స్ అలిగి మళ్ళీ ఆడటానికి రానే లేదు, కప్పు వేల్‌కి ఇచ్చేశారు. 1884లో అదే వేల్ ఫైనల్‌కి రాలేదు, ఆడకుండానే క్వీన్స్ పార్క్‌కి ఇచ్చేశారు. కర్మ అంటే నమ్మనివాళ్ళు కూడా ఇక్కడ ఒక్క క్షణం ఆగుతారు. రెంటన్ అయితే ఇంకా మించిపోయింది. 1885లో ఒకటి, 1888లో ఇంకోటి గెలిచి, ఆ ఏడు మే నెలలో ఎఫ్ఏ కప్ గెలిచిన వెస్ట్ బ్రామ్‌విచ్‌ని పిలిచి 4-1తో ఓడించి, తమకి తామే ప్రపంచ చాంపియన్లమని ప్రకటించుకున్నారు. అప్పటికి ఇంకే దేశంలోనూ వీళ్ళతో తూగే క్లబ్బులు లేవు కాబట్టి ఆ మాట పూర్తిగా గొప్పలు చెప్పుకోవడం కూడా కాదు. ఓ పల్లెటూరు ప్రపంచ చాంపియన్! ఆ గెలుపుకి వచ్చిన చిన్న కప్పు కూడా హాంప్డెన్ మ్యూజియంలోనే ఉంది.

అప్పట్లో కప్పులో ఎవరు ఎవరికి తగులుతారో అంతా చీటీల మీదే కాబట్టి ఘోరాలు కూడా జరిగేవి. 1885 సెప్టెంబర్ 12న ఆర్‌బ్రోత్ అనే సముద్రపు ఊళ్ళో ఆ ఊరి జట్టు, బాన్ అకార్డ్ అనే పాపం జట్టు మీద 36-0తో గెలిచింది. జాన్ పెట్రీ అనే కుర్రాడు ఒక్కడే 13 కొట్టాడు. గోల్‌కి వల కట్టే అలవాటు అప్పటికింకా రాలేదు, కాబట్టి 36 సార్లు బాల్ వెనక్కి పోతే 36 సార్లూ ఎవరో పరిగెత్తి తెచ్చుకోవాలి, లేకపోతే ఇంకెన్ని పడేవో! ఆఫ్‌సైడ్ అని కొట్టేసినవి వేరే. అదే రోజు కొద్ది దూరంలోని డండీలో డండీ హార్ప్ 35-0తో గెలిచి, ఇది ప్రపంచ రికార్డు అని పండగ చేసుకుంది. రెఫరీ లెక్కలో 37 ఉంటే, కాదండీ మేం 35 అనుకుంటున్నాం అని హార్ప్ వాళ్ళే తగ్గించారని కూడా చెప్పుకుంటారు. నిజమైతే, నిజాయితీకి పోయి రికార్డు పోగొట్టుకున్న మొదటి జట్టు అదే అయ్యుండాలి.

మరి ఈ ఊళ్ళన్నీ ఎందుకు మాయమయ్యాయి? డబ్బు. అది కూడా దొంగచాటు డబ్బు. 1893 దాకా స్కాట్లండ్‌లో ఆటకి జీతం తీసుకోవడం నేరం. ఇంగ్లండ్‌లో 1885లోనే ఒప్పుకున్నారు. దాంతో మంచి ఆటగాళ్ళు రైలెక్కి ఇంగ్లండ్ పోయేవాళ్ళు, మిగిలినవాళ్ళని ఆపడానికి పెద్ద క్లబ్బులు పుస్తకాల్లో కనపడకుండా ఏదో ఒకటి ముట్టజెప్పేవి. అందరికీ తెలుసు, ఎవరూ చూడనట్టే ఉండేవాళ్ళు, పిల్లి కళ్ళు మూసుకుని పాలు తాగినట్టు. రెంటన్ గుండెకాయ లాంటి జేమ్స్ కెల్లీ 1888లో అప్పుడే పుట్టిన సెల్టిక్‌కి వెళ్ళిపోయాడు, కాగితం మీద ఆయన అమెచ్యూరే! ఓ పల్లె జట్టు గ్లాస్గో జనం ముందు, గ్లాస్గో టికెట్ డబ్బు ముందు ఎంతకాలం నిలబడుతుంది?

1890లో 11 జట్లతో లీగ్ మొదలయ్యాక ఇంక ఆశ కూడా పోయింది. కప్పులో అయితే ఒక మంచి రోజు చాలు. లీగ్‌లో వారం వారం ఆడాలి, వారం వారం జనం రావాలి, కాబట్టి ఖర్చు తట్టుకోవాలి. క్వీన్స్ పార్క్ ఇది జీతగాళ్ళ వ్యవహారమని గ్రహించి 1900 దాకా చేరనే లేదు. రెంటన్ అయితే రహస్యంగా జీతాలిస్తోందని నిరూపణ అయిన ఎడింబరో జట్టు ఒకదానితో మ్యాచ్ ఆడిందన్న నేరానికి మొదటి సీజన్ మధ్యలోనే బహిష్కరణకి గురైంది. మొదటి టైటిల్ డంబార్టన్, రేంజర్స్ సమానంగా పంచుకున్నారు, రెండోది డంబార్టన్ ఒక్కటే గెలిచింది. ఆ మొదటి 11 మందిలో అబర్‌కార్న్, కేంబస్‌లాంగ్, కౌలేర్స్, రెంటన్, వేల్ ఆఫ్ లీవెన్, థర్డ్ లనార్క్ ఆరూ లీగ్‌లోంచి పోయాయి. సెల్టిక్, రేంజర్స్, హార్ట్స్, సెయింట్ మిరెన్, డంబార్టన్ మిగిలాయి.

ఇప్పుడు ఆ ఇద్దరి సంగతి. రేంజర్స్ 1872లో నలుగురు కుర్రాళ్ళు సరదాగా పెట్టుకున్నది, మతంతో సంబంధం లేదు. సెల్టిక్ 1887లో బ్రదర్ వాల్‌ఫ్రిడ్ అనే క్యాథలిక్ సన్యాసి పెట్టింది, గ్లాస్గో తూర్పు వాడల్లో ఆకలితో ఉన్న ఐరిష్ వలస కుటుంబాల పిల్లలకి అన్నం పెట్టడానికి డబ్బు పోగుచేయాలని. ఎడింబరోలో ఐరిష్ వాళ్ళ హిబర్నియన్ 1887లో కప్ గెలవడం చూసి వచ్చిన ఊపు కూడా ఉంది అందులో. 1888 మే 28న సెల్టిక్ మొదటి మ్యాచ్ ఎవరితో అనుకున్నారు, రేంజర్స్‌తోనే, 5-2. స్నేహంగానే ఆడారు. శత్రుత్వం తర్వాత, రేంజర్స్ ప్రొటెస్టెంట్ల జట్టన్న పేరు పడ్డాక పెరిగింది, అది పెరిగేకొద్దీ గేటు దగ్గర వసూళ్ళూ పెరిగాయి. రెండు దుకాణాలూ కలిసి ఒకే వ్యాపారం చేస్తున్నాయని పత్రికలు వెక్కిరించడంతో 'ఓల్డ్ ఫర్మ్' అన్న పేరు అంటుకుంది. క్యాథలిక్ ఆటగాణ్ణి తీసుకోకూడదన్న రేంజర్స్ అలిఖిత నియమం 1989లో మో జాన్‌స్టన్‌తో గానీ బద్దలవలేదు. ఈ విషయంలో నేను ఎవరికీ మార్కులు వేయను, కానీ 1989 అంటే మరీ నిన్న మొన్న! అన్నట్టు, 1936లోనే కలకత్తా నుంచి వెళ్ళిన మహమ్మద్ సలీం కాళ్ళకి బ్యాండేజీలు చుట్టుకుని, బూట్లు లేకుండా సెల్టిక్ రిజర్వు జట్టుకి ఆడి జనాన్ని ఆశ్చర్యపరిచాడు. ఇంటి మీద బెంగతో తిరిగొచ్చేశాడు.

ఆ 'ఫర్మ్' మీద జనానికి ఎంత అనుమానం ఉండేదో 1909 ఫైనల్ చెబుతుంది. సెల్టిక్, రేంజర్స్ మొదట 2-2. మళ్ళీ ఆడితే 1-1. అదనపు సమయం ఉంటుందనుకుని వేలమంది నిలబడ్డారు, ఆటగాళ్ళు మాత్రం లోపలికి వెళ్ళిపోయారు. మూడోసారి టికెట్లు అమ్ముకోవడానికే ఇదంతా అని జనానికి మండింది. గ్రౌండ్‌లోకి దూకి, గోల్ స్తంభాలు పీకి, టికెట్ గదులకి నిప్పుపెట్టి, ఫైర్ ఇంజన్ వస్తే దాని పైపులు కోసేశారు. విచిత్రమేంటంటే రెండు క్లబ్బుల అభిమానులూ కలిసే ఈ పని చేశారు. ఆ ఏడు కప్పు ఎవరికీ ఇవ్వలేదు. జాబితాలో ఇప్పటికీ అక్కడ ఖాళీయే.

కప్పులు ఎన్ని, ఏది ఏది అన్న గందరగోళం కూడా తీర్చేద్దాం. స్కాటిష్ కప్ అసోసియేషన్‌ది, చిన్నా పెద్దా అందరికీ ప్రవేశం, ఫైనల్ మే నెలలో. లీగ్ కప్ వేరు, యుద్ధకాలంలో నడిపిన ఒక ప్రాంతీయ పోటీ నుంచి 1946-47లో తయారైంది, లీగ్ జట్లకోసం, ఇప్పుడు జూలైలో గ్రూపులతో మొదలై డిసెంబర్ ప్రాంతంలో అయిపోతుంది. గ్రూపులో డ్రా అయితే పెనాల్టీలు కొట్టించి గెలిచినవాళ్ళకి ఇంకో పాయింటు ఇస్తారు. చాలెంజ్ కప్ 1990లో వచ్చింది, పై డివిజన్ కానివాళ్ళకి, ఈ మధ్య వేల్స్ జట్లని కూడా పిలిచారు. ఇక లీగ్‌లో పైన 12 జట్లు, 33 మ్యాచ్‌లు అయ్యాక పట్టికని అడ్డంగా కోసి పై ఆరు, కింది ఆరు విడివిడిగా ఇంకో ఐదేసి ఆడతాయి. అందుకే ఒక్కోసారి ఏడో జట్టుకి ఆరో జట్టుకన్నా ఎక్కువ పాయింట్లు ఉంటాయి, కంగారు పడకండి, అది అచ్చు తప్పు కాదు.

అసలైన చిక్కుముడి ఇంకోటి ఉంది. క్లబ్ అంటే ఏమిటి? కంపెనీయా, పేరా, ఊరా? 2002లో ఎయిర్‌డ్రీ ఊరి పాత క్లబ్ ఎయిర్‌డ్రియోనియన్స్ దివాలా తీసింది. ఖాళీ అయిన సీటు సరిహద్దులోని బుల్లి ఊరు గ్రెట్నాకి వచ్చింది. ఎయిర్‌డ్రీ వాళ్ళు ఊరుకోక, నష్టాల్లో ఉన్న క్లైడ్‌బ్యాంక్ అనే ఇంకో క్లబ్‌ని కొని తమ ఊరికి తెచ్చి పేరు మార్చేశారు, 2013లో పాత పేరే మళ్ళీ పెట్టుకున్నారు. పోయింది ఎయిర్‌డ్రీ, కానీ లీగ్‌లోంచి మాయమైంది మాత్రం క్లైడ్‌బ్యాంక్! సీటు దొరికిన గ్రెట్నా ఒక ధనవంతుడి డబ్బుతో వరసగా మూడు ప్రమోషన్లు కొట్టింది, ఆ మధ్యలోనే 2006లో కప్ ఫైనల్‌కి వచ్చి హార్ట్స్ చేతిలో పెనాల్టీల్లో ఓడింది. ఆయన ఆరోగ్యం పాడై డబ్బు ఆగిపోగానే 2008లో అదీ మూతపడింది.

చిన్నవాళ్ళకి జరిగినంతకాలం ఇది పత్రికల్లో లోపలి పేజీ వార్తే. 2012లో రేంజర్స్‌కి జరిగింది. పన్ను బకాయిలు, అప్పులు, పాత కంపెనీ లిక్విడేషన్‌కి వెళ్ళింది. కొత్త కంపెనీ స్టేడియాన్నీ, పేరునీ కొనుక్కుని పై లీగ్‌లో చోటడిగితే మిగతా క్లబ్బులు వద్దన్నాయి, నాలుగో డివిజన్‌లో వేశారు. ఆ ఆగస్టులో ఈస్ట్ స్టిర్లింగ్‌షైర్‌తో మ్యాచ్‌కి 49,118 మంది వచ్చారు, నాలుగో డివిజన్ మ్యాచ్‌కి! రేంజర్స్ అభిమాని దృష్టిలో క్లబ్ ఎప్పుడూ చావలేదు, కంపెనీ మాత్రమే పోయింది. సెల్టిక్ అభిమాని దృష్టిలో ఇది 2012లో పుట్టిన పిల్ల, పాత టైటిళ్ళు దీనివి కావు. ఫుట్‌బాల్ అధికారులు మొదటిదే లెక్కలో ఉంచారు. నాకూ అదే సబబనిపిస్తుంది, కంపెనీ చచ్చిందని 49 వేలమంది ఇంట్లో కూర్చోలేదు కదా. అయితే అదే న్యాయం క్లైడ్‌బ్యాంక్ అభిమానికి ఎవరు చెప్పారు?

ఈ మధ్యలోనే కప్పు తన పని తాను చేస్తూ వచ్చింది. 1938లో రెండో డివిజన్ నుంచి వచ్చి ఈస్ట్ ఫైఫ్ గెలిచింది. 1967లో బెరిక్ అనే జట్టు, ఊరు ఇంగ్లండ్‌లో ఉన్నా స్కాటిష్ లీగ్‌లో ఆడే జట్టు, రేంజర్స్‌ని 1-0తో ఇంటికి పంపింది. 2000లో సెల్టిక్ సొంత గ్రౌండ్‌లో ఇన్వర్‌నెస్ 3-1, అప్పటికి ఆ క్లబ్ వయసు ఆరేళ్ళు. 2016 ఫైనల్ రోజు మన టైం ప్రకారం శనివారం రాత్రి, 92వ నిమిషంలో కార్నర్‌కి డేవిడ్ గ్రే తల తగిలించాడు, హిబ్స్ (అంటే హిబర్నియన్) 3, రేంజర్స్ 2. 1902 తర్వాత 114 ఏళ్ళకి. ఆ ఏడు రెండు జట్లూ రెండో డివిజన్‌లోనే ఉన్నాయి. 2025 ఫిబ్రవరిలో క్వీన్స్ పార్క్ జట్టు, రేంజర్స్ సొంత గ్రౌండ్‌కి వెళ్ళి 1-0తో కొట్టింది. అదే ఏడు మేలో అబర్డీన్ సెల్టిక్‌ని పెనాల్టీల్లో ఓడించి 1990 తర్వాత మళ్ళీ కప్పు పట్టుకుంది.

థర్డ్ లనార్క్ సంగతి చెప్పలేదు. 1872లో వలంటీరు సైనికులు పెట్టిన క్లబ్, 1904లో లీగ్, 1889, 1905లో కప్. 1961లో లీగ్‌లో సరిగ్గా 100 గోల్స్ కొట్టి మూడో స్థానం. ఆ తర్వాత ఆరేళ్ళలో నడిపినవాళ్ళ నిర్వాకంతో మట్టికొట్టుకుపోయింది. 1967 ఏప్రిల్ 28న డంబార్టన్ చేతిలో 5-1, అదే చివరి మ్యాచ్. నెల తిరక్కుండానే, మే 25న, అదే ఊరి సెల్టిక్ లిస్బన్‌లో ఇంటర్ మిలాన్‌ని ఓడించి యూరోపియన్ కప్ గెలిచింది, గ్లాస్గో చుట్టుపక్కల 30 మైళ్ళలో పుట్టిన కుర్రాళ్ళతోనే. ఊరంతా ఆ సంబరంలో ఉంది.

థర్డ్ లనార్క్ గ్రౌండ్ కాత్కిన్ పార్క్ ఇప్పటికీ ఉంది, హాంప్డెన్‌కి నడిచి వెళ్ళేంత దూరంలో. గేటు లేదు, టికెట్ లేదు, ఇప్పుడది పబ్లిక్ పార్కు. మూడు వైపులా ప్రేక్షకులు నిలబడే మెట్లు అలాగే ఉన్నాయి, తోపులాట జరక్కుండా పెట్టిన ఇనుప కమ్మీలు కూడా, వాటి మధ్యలోంచి చెట్లు ఎదిగిపోయాయి. మధ్యలో పచ్చగడ్డి, రెండు వైపులా గోల్ స్తంభాలు. పిల్లలు ఆడుకుంటుంటారు.